'మాజీ నటి' అన్న ఒక్క ముక్కతో యాస్మినా రెజాని తేల్చేస్తే ఎలా?

నాటికలబండి
యాస్మినా రెజా పరిచయాలు ఎక్కడ చదివినా ఒకటే వరస. 1959 మే 1న పారిస్‌లో పుట్టింది, కొన్నాళ్లు నటించింది, తర్వాత రచయిత్రి అయింది, 'ఆర్ట్'తో ప్రపంచమంతా పేరొచ్చింది. నటన అంటే రైలు మారడానికి దిగిన స్టేషన్ అన్నట్టు ఒక్క వాక్యంలో దాటేస్తారు. నాకది మింగుడుపడటం లేదు.

ఇంకో సంగతి. 'ఆర్ట్' గంటన్నరలో అయిపోయే నాటకం. విరామం లేదు, పాత్రలు మూడే: సెర్జ్ రెండు లక్షల ఫ్రాంకులు పోసి ఒక తెల్లటి చిత్రం కొంటాడు, స్నేహితుడు మార్క్ దాన్ని తిడతాడు, ఇంకో స్నేహితుడు ఇవాన్ మధ్యలో నలుగుతాడు. అదే నాటకాన్ని తెలుగు చేసుకుని బల్ల చుట్టూ కూర్చుని చదివితే రెండు గంటలు దాటుతోంది, పైగా ఎవరూ నవ్వరు. లోపం అనువాదంలో ఉందా, చదవడంలో ఉందా? ఆవిడ నటి కావడానికీ దీనికీ ముడి ఉందని నా అనుమానం.

తెరవెనక
ముడి ఉంది, గట్టిదే. నాంతేర్ విశ్వవిద్యాలయంలో సోషియాలజీ, నాటకం చదివాక ఆవిడ చేరింది జాక్ లెకాక్ నటన బడిలో. 1956లో పారిస్‌లో మొదలైన బడి అది, రెండేళ్ల చదువు. మొదట్లో విద్యార్థికి మాటలే ఇవ్వరు. ఒక గదిలోకి రావాలి, ఎవరి కోసమో ఎదురుచూడాలి, లేచి వెళ్లిపోవాలి, అంతా మౌనంగానే. ఆ తర్వాత తటస్థ ముసుగు. ఏ భావమూ లేని తోలు ముఖం అది. ముఖం కప్పేస్తే మెడా భుజాలూ నడకా మాట్లాడక తప్పదు. విదూషకుడు, కోరస్, ఇటలీ ముసుగు నాటకం ఇవన్నీ రెండో ఏడాదిలో వస్తాయి. మౌనం ఇక ఆగలేని చోట మాట పుట్టాలన్నది అక్కడి పాఠం.

ఇప్పుడు 'ఆర్ట్' తెరిచి చూడండి. 'కోపంగా', 'వెటకారంగా' లాంటి సూచనలు బహు తక్కువ. 'కాసేపు', 'మౌనం' అన్నవి మాత్రం అడుగడుగునా. భావం నటుడికి వదిలేసి, నిడివి తన చేతిలో పెట్టుకుంది. బయటినుంచి నాటకం చూసే రచయిత అయితే ఇందుకు సరిగ్గా తలకిందులుగా రాసేవాడు.

పాతనాణెం
తెరవెనక గారు, లెకాక్ దగ్గర చదివినవాళ్లు ఎందరో ఉన్నారు. దర్శకురాలు ఆరియాన్ మ్నుష్కిన్ కూడా అక్కడి విద్యార్థే, ఆవిడ నాటకాలు పెద్ద బృందాలు, వేషాలు, వాద్యాలు. రెజాకి ఒక సోఫా, ఒక బల్ల చాలు. కాబట్టి బడి ఒక్కటే కారణం కాదు.

నా లెక్కలో ఇంట్లో ఉన్న సంగీతానిది పెద్ద వాటా. అమ్మ బుడాపెస్ట్ నుంచి వచ్చిన వయొలిన్ వాద్యకారిణి. నాన్నది ఇరాన్, రష్యా మూలాలున్న యూదు కుటుంబం, ఆయనకు పియానో అంటే ప్రాణం. 1997లో వచ్చిన ఆవిడ పుస్తకం పేరు 'హామర్‌క్లావియర్', అంటే బేతోవెన్ పియానో సొనాటా పేరు. ఆ మౌనాలు స్వరలిపిలో విరామ గుర్తుల్లాంటివి. ఎన్ని మాత్రలో అన్ని మాత్రలే ఆగాలి.

తెరవెనక
ఒప్పుకుంటాను. బడి శరీరాన్నిచ్చింది, ఇల్లు తాళాన్నిచ్చింది అనుకోవచ్చు.

గోదారిగట్టు
అసలు ఎందులో నటించింది? ఆ లెక్క కూడా ఒకసారి పెట్టండి.

వింగుపక్క
మొదట పాత ఫ్రెంచి రచయితలు మోలియేర్, మరివోల నాటకాలు, 80ల మొదట్లో సినిమాల్లో చిన్న వేషాలు. 1987లో మొదటి నాటకం 'అంత్యక్రియల తర్వాత మాటలు' వచ్చింది. ఉత్తమ రచయితగా మోలియేర్ పురస్కారం (ఫ్రెంచి నాటకరంగ బహుమతి) దానికే. వెంటనే కాఫ్కా 'రూపాంతరం' రంగస్థల ప్రతిని ఫ్రెంచిలోకి తెచ్చింది, 1988లో సినిమా దర్శకుడు రోమన్ పొలాన్‌స్కీ వేదిక మీద నటించిన ప్రతి అది. 1989లో 'శీతకాలాన్ని దాటడం', 1994లో 'ఆర్ట్', 1995లో 'అనుకోని మనిషి'.

'మాజీ నటి' అనేవాళ్లు మర్చిపోయేది ఇది: 2000లో 'జీవితానికి మూడు పాఠాంతరాలు' పారిస్‌లో తెయాత్ర్ ఆంత్వాన్‌లో ఆడినప్పుడు ఇనెస్ పాత్ర రెజాయే వేసింది. పక్కన కాథరిన్ ఫ్రో, రిషార్ బెరీ, స్తెఫాన్ ఫ్రైస్. 'ఆర్ట్' వచ్చి ఆరేళ్లయింది, అప్పటికే అమెరికా నాటకరంగపు టోనీ పురస్కారం ఇంట్లో ఉంది. వేదికెక్కాల్సిన అవసరమేమీ లేదు. అయినా ఎక్కింది. అదీ ఎలాంటి పాత్ర? భర్త మాటిమాటికీ నోరు మూయించే భార్య. ఒకే సాయంత్రం మూడుసార్లు జరుగుతుంది, అవే మాటలు చాలావరకు, మూడుసార్లూ వేరే మనిషిగా పలకాలి. తను రాసింది ఆడుతుందో లేదో తన నోటితోనే తేల్చుకున్నట్టే కదా.

2008లో 'సంహార దేవుడు' పారిస్ ప్రదర్శనకి దర్శకత్వం కూడా తనే. 2010లో 'చికాస్' అనే సినిమా తీసింది.

నాటికలబండి
వింగుపక్క గారూ, ఇది నాకు తెలియని సంగతి. మరి రెండు గంటల గొడవో?

వింగుపక్క
మూడు చోట్ల సమయం పోతుంది.

మొదటిది, తెలుగు క్రియ. ఫ్రెంచిలో మార్క్ 'ఖరీదెక్కువా?' అన్న ఒక్క మాటే అడుగుతాడు. సెర్జ్ 'రెండు లక్షలు' అంటాడు. మార్క్ 'రెండు లక్షలా?' అంటాడు. మూడు లైన్లకి నాలుగు సెకన్లు. అనువాదకుడు దాన్ని 'దీన్ని కొనడానికి నీకు చాలా డబ్బు ఖర్చయిందా?', 'రెండు లక్షల ఫ్రాంకులు ఇచ్చి కొన్నాను' అని నింపేస్తాడు. పన్నెండు సెకన్లు. నాటకమంతా ఇలాంటి లైన్లే. మనం ఇంట్లో కర్త, క్రియ రెండూ మింగేసి మాట్లాడతాం: 'ఎంత?' 'రెండు.' 'రెండు లక్షలే!' తెలుగుకి ఆ పొదుపు బాగా తెలుసు, అనువాదకుడే భయపడతాడు.

రెండోది, మౌనాలు. చదివేటప్పుడు 'మౌనం' అని పైకి చదివేస్తారు, లేదా ప్రతిచోటా ఒకే నిడివి ఆగుతారు. ప్రతిలో పెన్సిలుతో అంకె వేసుకోవాలి. 'కాసేపు' అన్నచోట ఒక శ్వాస, 'మౌనం' అంటే మూడు, సెర్జ్ చిత్రం చూపించే మొదటి చోట ఏడెనిమిది సెకన్లు. మొదటి మౌనం సాగాలి, తర్వాతివి తగ్గుతూ రావాలి. అన్నీ సాగదీస్తే నాటకం చచ్చిపోతుంది.

మూడోది, ప్రేక్షకులతో నేరుగా మాట్లాడే భాగాలు.

చిత్రాంగిపాత్ర
ఆ మూడోదాని గురించి ఒక మాట. మన పాత నాటకాల ప్రతుల్లో '(స్వగతం)' అంటే తనలో తాను, '(ప్రకాశం)' అంటే ఎదుటివాడితో పైకి, అని ఉండేవి గుర్తుందా? 'ఆర్ట్' సగం ఆ ఒడుపు మీదే నడుస్తుంది. మార్క్ మనవైపు తిరిగి సెర్జ్ గురించి ఒకటి చెబుతాడు, మరుక్షణం సెర్జ్‌తో ఇంకోటి అంటాడు. స్వగతానికీ ప్రకాశానికీ మధ్య గొంతు మారడంలోనే నవ్వు ఉంది. బల్ల దగ్గర అందరూ కాగితంలోకి చూసి చదివితే ఏది ఎవరితో అంటున్నాడో వినేవాళ్లకి తెలియదు. నవ్వు రాకపోవడానికి మొదటి కారణం ఇదే.

మందు సులువు. స్వగతాలన్నీ లేచి నిలబడి, కాగితం దించి, ఎదురుగా ఒక మనిషి కళ్లలోకి చూసి చెప్పాలి. ప్రకాశం కూర్చుని. చదువు పూర్తయ్యేలోపు ఎవరు ఎవరి దగ్గర ఏం దాస్తున్నారో అందరికీ అర్థమవుతుంది.

నాటికలబండి
'స్వగతం, ప్రకాశం' మాట నాకు తట్టనే లేదు. అయితే ప్రతిలో ఆ గుర్తులు మనమే వేసుకోవచ్చన్నమాట.

చిత్రాంగిపాత్ర
నటుడి ప్రతిలో వేసుకోవచ్చు. అచ్చు ప్రతిలో ఆవిడ పెట్టని సూచన పెట్టకూడదు.

కొండపల్లిబొమ్మ
నవ్వు నవ్వు అంటున్నారు. రెజా తన నాటకాలను విషాదాలుగానే చెబుతూ వచ్చింది, నవ్వొచ్చే విషాదాలుగా. లండన్‌లో 'ఆర్ట్'కి ఇచ్చింది ఉత్తమ కామెడీ బహుమతులు, ఆవిడకది వింతగానే తోచింది. నవ్వు రాకపోతే లోపమని ఎందుకనుకోవాలి?

పాతనాణెం
హాలంతా నవ్వుతుంటే విషాదం అనడం నాకు ఒప్పుదల కాదు. 1994 అక్టోబరు 28న పారిస్‌లోని కొమెదీ దె షాంజెలిజే నాటకశాలలో 'ఆర్ట్' మొదటి ఆట. మార్క్‌గా పియర్ వానెక్, సెర్జ్‌గా ఫాబ్రిస్ లుకీనీ, ఇవాన్‌గా పియర్ ఆర్దితీ, దర్శకుడు పత్రీస్ కెర్బ్రా. లుకీనీ, ఆర్దితీలకి నవ్వించడం వెన్నతో పెట్టిన విద్య. లండన్‌లో 1996లో విండమ్స్ నాటకశాలలో మొదలైన నాటకం నటులు మారుతూ 2003 దాకా నడిచింది. బ్రాడ్‌వేలో 1998లో మొదలై 600 ఆటలు. అన్నేళ్లు జనం ఏడవడానికి టిక్కెట్ కొన్నారా?

కొండపల్లిబొమ్మ
నవ్వుకి జనం వచ్చారు, నిజమే. నేననేది నటుడు నవ్వు కోసం ఆడకూడదని. తెల్ల కాన్వాసుకి రెండు లక్షల ఫ్రాంకులు పోశాడంటే మార్క్‌కి నిజంగా భయం వేస్తుంది. పదిహేనేళ్ల స్నేహితుడు చెయ్యి దాటిపోయాడన్న భయం. చివర్లో బయటికి వచ్చేదీ అదే: ఒకప్పుడు సెర్జ్ లోకాన్ని మార్క్ కళ్లతో చూసేవాడు, ఇప్పుడు ఆ చోటు ఒక బొమ్మ లాక్కుంది. మార్క్ వేసేవాడు మొదటి సీన్‌లోనే వెక్కిరింపు మొహం పెడితే ఆ భయానికి చోటు ఉండదు, ముప్పావుగంటకల్లా ప్రేక్షకుడు అలిసిపోతాడు.

వింగుపక్క
కొండపల్లిబొమ్మ గారి మాట ఆచరణలో సరైనది. మార్క్ మొదట నవ్వే నవ్వు గురించి సెర్జ్ తర్వాత ప్రత్యేకంగా ఫిర్యాదు చేస్తాడు, అన్నీ తెలిసినవాడి నవ్వని. అంటే ఆ నవ్వు ఒక్కసారే రావాలి, ప్రేక్షకుడికి గుర్తుండాలి. ప్రతి లైనుకీ నవ్వేస్తే ఆ ఫిర్యాదు గాల్లో కలిసిపోతుంది.

తుంగభద్ర_ఒడ్డు
అనువాదం ఇంగ్లిషు నుంచా, ఫ్రెంచి నుంచా? క్రిస్టఫర్ హాంప్టన్ ఇంగ్లిషు ప్రతి అద్భుతమే గానీ, అందులో అందరూ ఒకే 'యు'. ఫ్రెంచిలో 'తు', 'వూ' వేరు, మన నువ్వు, మీరు లాగే. తెలుగువాడికి ఇది అప్పనంగా దొరికిన అదృష్టం, ఇంగ్లిషు మీదుగా వస్తే అదీ పోతుంది.

'ఆర్ట్'లో ముగ్గురూ 'తు'. కాబట్టి నువ్వు, వేడి పెరిగాక 'రా'. మొదటి పేజీ నుంచే 'ఏరా' పెడితే ఎక్కడానికి మెట్లుండవు.

'సంహార దేవుడు'లో సంగతి ఇంకా రుచిగా ఉంటుంది. రెండు జంటలు, తమ పిల్లల కొట్లాట తేల్చుకోవడానికి కూర్చుంటారు. జంటల మధ్య 'వూ', భార్యాభర్తల మధ్య 'తు'. మనవాళ్లు అలవాటుగా భార్య చేత భర్తని 'మీరు', 'ఏవండీ' అనిపిస్తారు. అలా చేస్తే నాటకం నడుం విరిగినట్టే. వెరోనిక్ తన భర్త మిషెల్‌ని మీరు అంటూ, ఎదుటి ఇంటాయన అలాన్‌నీ మీరు అంటే, ఎవరు ఎవరి పక్షమో చెవికి తెలియదు. భర్తకి నువ్వు, పరాయివాడికి మీరు. రమ్ సీసా ఖాళీ అవుతున్నకొద్దీ 'మీరు' అన్న మాట అలాగే ఉండి, దాని వెంట వచ్చేవి తిట్లవుతాయి. 'మీరు నోరు మూసుకోండి' అన్న వాక్యానికి ఉన్న పదును ఇంగ్లిషుకి లేదు, మనకుంది.

గోదారిగట్టు
ఇది చాలా బాగుంది తుంగభద్ర గారు. తిట్లంటే గుర్తొచ్చింది, 'ఆర్ట్'లో మార్క్ ఆ చిత్రాన్ని అనే మాట 'చెత్త' అని పెట్టిన ప్రతి ఒకటి చూశాను. చప్పగా ఉంది.

తుంగభద్ర_ఒడ్డు
ఫ్రెంచి మాట 'మెర్ద్'. సెర్జ్ ఆ మాటకే గాయపడతాడు, తర్వాత కూడా దాన్ని వదలడు. 'చెత్త' అంటే ఎవరికీ గాయం కాదు. 'పెంట' పెట్టండి. చదువుకున్నవాడి నోట రాకూడని మాట, వచ్చిందంటే గుచ్చుకుంటుంది. మార్క్ ఏరోనాటికల్ ఇంజనీరు, సెర్జ్ చర్మవ్యాధుల డాక్టరు. ఆ గదిలో ఆ మాట అందుకే పేలుతుంది.

ఇదే బాపతు ఇంకోటి. 'సంహార దేవుడు' మొదటి నిమిషంలోనే గొడవ ఒక్క మాట మీద. పార్కులో పదకొండేళ్ల కుర్రాడు ఇంకో కుర్రాణ్ణి కర్రతో కొట్టి రెండు ముందుపళ్లు విరగ్గొట్టాడు. తల్లి రాసిన కాగితంలో 'ఆయుధంగా కర్ర పట్టిన' అని అర్థమొచ్చే మాట ఉంటుంది. కొట్టినవాడి తండ్రి అలాన్ లాయరు, ఆయన అభ్యంతరం చెబితే 'కర్ర చేతబట్టిన' అని మారుస్తారు. తెలుగులో మొదటిదానికి 'కర్రతో సాయుధుడై' పెట్టొచ్చు. పోలీసు కాగితంలా వినిపించాలి, అప్పుడే లాయరు చెవి నిక్కుతుంది. ఈ రెండు మాటల తేడా వినపడకపోతే ఆ తర్వాతి గంటకి పునాది లేదు.

చిత్రాంగిపాత్ర
ఇవాన్ శుభలేఖ సంగతి ఎవరూ ఎత్తలేదేం?

నాటికలబండి
అదే అడగబోతున్నా. చదివేవాళ్లు అక్కడే ఆగిపోతున్నారు.

చిత్రాంగిపాత్ర
ఇవాన్ ఆలస్యంగా వచ్చి, పెళ్లి శుభలేఖ మీద ఎవరి పేర్లు వేయాలన్న గొడవ ఊపిరాడకుండా చెబుతాడు. పెళ్లికూతురు కాథరిన్‌కి తన సవతితల్లి పేరుండాలి. అలాగైతే ఇవాన్ సవతితల్లి పేరూ వేయాలి. అది ఉంటే ఇవాన్ కన్నతల్లి పేరు ఉండడానికి ఆవిడ ఒప్పుకోదు. తెలుగు ప్రేక్షకుడికి దీనికి వివరణ అక్కర్లేదు. శుభలేఖ మీద పేర్ల వరస దగ్గర చెడిన చుట్టరికాలు ఎన్ని! అందుకే ఇక్కడ నవ్వు పారిస్ కంటే గట్టిగా రావాలి.

ఆగిపోవడానికి కారణం వాక్యాలు. అనువాదకుడు ఆ ప్రసంగాన్ని చుక్కలు పెట్టి ముక్కలు చేస్తాడు. మూలంలో అది దాదాపు ఒకే దారం. 'అంటే ఆవిడందీ, నేనన్నానూ, దానికి ఆవిడా' అని మన ఆడవాళ్లు ఫోనులో చెప్పే వరస తీసుకోండి. ప్రతి వాక్యం చివర '-నూ', '-దీ' సాగితే చుక్క పడదు. చుక్క లేకపోతే నటుడు ఆగలేడు, ఆగకపోతే నవ్వు ఆగదు.

సాధన ఇలా: మొదటి వారం మాటలు వద్దు, ఎక్కడెక్కడ శ్వాస తీసుకోవాలో గీతలు గీయాలి. ఫోనులో ఎదుటి మనిషి మాట్లాడుతున్నట్టు ఉన్నచోట శ్వాస. అమ్మ, కాథరిన్, ఇవాన్ ముగ్గురికీ మూడు గొంతులు పెట్టకూడదు. మిమిక్రీ అయిపోతుంది. వేగం ఒక్కటి మారితే చాలు, అమ్మది నిదానం, కాథరిన్‌ది గబగబ. రెండో వారం నడుస్తూ చెప్పడం. చివర్లో మాత్రమే నిలబడి. మధ్యలో చప్పట్లు వస్తే మిగతా ఇద్దరూ కదలకూడదు, నవ్వకూడదు, వాళ్లు భోజనానికి ఆకలితో ఎదురుచూస్తున్నారు.

సున్నపుగోడ
రంగాలంకరణ చేసేవాళ్లకి నాలుగు మాటలు. చిత్రం కొలత ప్రతిలోనే ఉంది: సుమారు 1 మీటరు 60, 1 మీటరు 20. తెల్ల నేపథ్యం, కళ్లు చిట్లిస్తే కనబడే సన్నటి తెల్లని ఏటవాలు గీతలు. ఇల్లు ఒక్కటే సెట్టు, ఎవరింట్లో ఉన్నామో గోడ మీది బొమ్మ చెబుతుంది. సెర్జ్ ఇంట్లో ఈ తెల్లది, మార్క్ ఇంట్లో ఒక ప్రకృతి దృశ్యం, ఇవాన్ ఇంట్లో ఎవరో గీసిన నాసిరకం బొమ్మ. మూడు ఫర్నిచర్ సెట్లు పెట్టేవాళ్లు అనవసరంగా కష్టపడుతున్నారు, పైగా సీన్ల మధ్య చీకటి పెరిగి అక్కడ పది నిమిషాలు పోతాయి.

అసలు చిక్కు ముగింపులో. మార్క్ ఆ తెల్లదాని మీద స్కెచ్‌పెన్‌తో ఏటవాలు గీత వెంట జారుతున్న మనిషిని గీస్తాడు, తర్వాత కడిగేస్తారు. రోజూ గీయాలి, రోజూ పోవాలి. నిజమైన కాన్వాసు సిరా పీల్చేస్తుంది, రెండో రోజుకే నీలం మరక. ప్లైవుడ్ మీద కాన్వాసు అతికించి, తెల్ల ప్రైమరు మూడు పూతలు, ప్రతి పూతా ఆరాక సన్న ఉప్పుకాగితంతో రుద్ది, పైన పారదర్శక వార్నిష్ రెండు పూతలు వేయాలి. పూర్తి మెరుపు వార్నిష్ వద్దు, లైటు పడి అద్దంలా మెరుస్తుంది. సగం మెరుపున్నది తీసుకోండి. అప్పటికీ మెరిస్తే చిత్రం పై అంచు వెనక ఒక అంగుళం చెక్కముక్క పెట్టి ముందుకి వంచితే, వెలుగు నేలకి పోతుంది.

పెన్ను నీటి సిరాది అయి తీరాలి. స్పిరిట్ మార్కర్ అయితే ఖర్మ. కొన్న ప్రతి పెన్నూ అదే పలక మీద గీసి, లైట్ల కింద పదిహేను నిమిషాలు ఉంచి తుడిచి చూడాలి, ఎందుకంటే వేడికి సిరా గట్టిపడుతుంది. అప్పటికప్పుడు తుడిస్తే పోయేది పావుగంటకి పోకపోవచ్చు.

గోదారిగట్టు
తెల్ల గీతలు ఎలా కనిపిస్తాయి? వెనక వరసకి అక్కర్లేదా?

సున్నపుగోడ
వెనక వరసకి కనిపించకూడదు. ముందు వరసకి ఉన్నాయేమో అన్న అనుమానం మాత్రం రావాలి. మందపాటి ప్రైమరుతో గీత ఉబ్బెత్తుగా తీసి, పక్కనుంచి ఒక లైటు పెడితే చాలు, రంగు అవసరం లేదు. సెర్జ్ వంగి 'ఇక్కడి నుంచి చూడు' అన్నప్పుడు ఆ పక్క లైటు అర మెట్టు పెంచండి.

పాతనాణెం
రెండు లక్షల ఫ్రాంకుల్ని రూపాయలు చేయాలా? 2002 తర్వాత ఫ్రాంకే లేదు కదా. ఖరారైన మారకంలో అది సుమారు 30,500 యూరోలు.

తుంగభద్ర_ఒడ్డు
ఫ్రాంకుల్లోనే ఉంచండి. 'రెండు లక్షలు' అన్న సంఖ్య చెవికి నిండుగా ఉంది. ఊరు మార్చాలంటే అన్నీ మార్చాలి. 'సంహార దేవుడు' లండన్‌లో పారిస్ కథగానే ఆడింది, బ్రాడ్‌వేకి బ్రూక్లిన్ అయింది, పొలాన్‌స్కీ 2011 సినిమాలోనూ బ్రూక్లినే. కానీ ఆ సినిమా ప్రతి రాసినవాళ్లలో రెజా ఉంది, 2012లో ఇద్దరికీ ఫ్రెంచి సినిమా పురస్కారం సెజార్ వచ్చింది. ఊరు మార్చే హక్కు రచయిత చేతిలో ఉండాలన్నది అందుకే.

కొండపల్లిబొమ్మ
హక్కుల మాట వచ్చింది గనక చెబుతున్నా. బల్ల చుట్టూ సొంతానికి చదువుకోవడం వేరు, టిక్కెట్ పెట్టినా పెట్టకపోయినా జనం ముందు ఆడడం వేరు. రెజా సజీవ రచయిత్రి. అనువదించడానికి ఒక అనుమతి, ప్రదర్శించడానికి ఇంకోటి, రెండూ రాతపూర్వకంగా కావాలి. ఇంగ్లిషు ప్రతి నుంచి చేస్తే ఆ అనువాదకుడి హక్కు అదనం. అడిగేటప్పుడు హాలులో ఎన్ని సీట్లు, ఎన్ని ఆటలు, టిక్కెట్ ధర, ఏ భాష, పాత్రల పేర్లు ఉంచుతున్నారా అన్నవి ముందే రాస్తే ఉత్తరాలు తగ్గుతాయి. ఫ్రాన్స్‌లో నాటక రచయితల హక్కులు చూసే సంఘం ఎస్ఏసీడీ. దాని మూలాలు 1777లో బోమార్షే నటుల కంపెనీతో పెట్టుకున్న తగాదాలో ఉన్నాయి. అక్కడ ఈ విషయంలో ఉదాసీనత ఉండదు.

వింగుపక్క
'సంహార దేవుడు' చేసేవాళ్లకి హెచ్చరిక. కాగితం మీద నలుగురు మనుషులు, ఒక గది. వేదిక మీద అది వస్తువుల నాటకం. అలాన్ భార్య ఆనెత్ కక్కడం, అదీ చిత్రకారుడు కొకోష్కా బొమ్మల పుస్తకం మీద పడడం, పుస్తకాన్ని తుడిచి హెయిర్ డ్రయ్యర్‌తో ఆరబెట్టడం, ఫోను పూలకుండీ నీళ్లలో మునగడం, తులిప్ పూలు చెల్లాచెదురవడం. ఇవన్నీ వరసగా, ఆగకుండా.

కక్కే పదార్థానికి పాలు వాడొద్దు, లైట్ల వేడికి కంపు కొట్టి మిగతా ముగ్గురికీ నిజంగానే వస్తుంది. మెత్తగా ఉడికించిన ఓట్స్, యాపిల్ గుజ్జు, నీళ్లు, మొత్తం ఒక గ్లాసు, గోరువెచ్చగా. నోట్లో పట్టేది రెండు గుక్కలే, మిగతాది సోఫా దిండు వెనక మెత్తటి ప్లాస్టిక్ సీసాలో ఉండి గొట్టం ద్వారా రావాలి. సీసా నొక్కేది ఆనెత్ మోచెయ్యే అయితే సమయం తప్పదు. పుస్తకానికి లామినేషన్ అట్ట, లోపల తెల్లకాగితాలు, ఆటకొకటి. నేల మీద తివాచీ తడిస్తే జారుతుంది కాబట్టి కింద రబ్బరు పట్టీ. నీళ్లలో పడే ఫోను వేరు, మోగే ఫోను వేరు. రెండూ ఒకే రంగు, మార్చుకునే చోటు ముందే ఖాయం చేసుకోవాలి. అలాన్ ఫోను మోగాల్సిన ప్రతిచోటా బటను ఒక్క మనిషే నొక్కాలి, ఇంకే పనీ అప్పజెప్పకూడదు.

గోదారిగట్టు
ఇదంతా రచయిత్రి సరదాకి పెట్టిందా?

వింగుపక్క
లెకాక్ బడి గుర్తు తెచ్చుకోండి. మర్యాదైన మాటల్ని శరీరం ఓడించడమే ఆ నాటకం. మొదట 2006 డిసెంబరులో జ్యూరిక్‌లో జర్మన్‌లో ఆడింది, యుర్గెన్ గోష్ దర్శకత్వం. తర్వాత 2008 పారిస్‌లో ఇసబెల్ ఉపేర్ వెరోనిక్, వాలెరీ బొన్‌తోన్ ఆనెత్. మర్యాదకి మారుపేరులాంటి ఆనెత్ మొహం మీద మొదట కనిపించే చిన్న అసౌకర్యం నుంచి కక్కు దాకా ఒక నిచ్చెన ఉంది. నటి రచయిత్రి కాబట్టే ప్రతి మెట్టూ ఆడదగినదిగా ఉంది.

పాతనాణెం
ఇక్కడ మాత్రం నాకు అభ్యంతరం లేదు. కానీ మొదటి చదువుకి ఈ రెండూ బరువే అంటాను. 'అనుకోని మనిషి' తీసుకోండి. పారిస్ నుంచి ఫ్రాంక్‌ఫర్ట్ వెళ్లే రైలు పెట్టె, ఎదురెదురుగా ఒక రచయిత, అతని పుస్తకం సంచిలో పెట్టుకున్న ఒకావిడ. చాలాసేపు ఇద్దరూ పైకి మాట్లాడుకోరు, లోపలి మాటలే. రెండు కుర్చీలు చాలు, సామాను లేదు. లండన్‌లో 1998లో మైకేల్ గాంబన్, ఐలీన్ అట్కిన్స్ ఆడారు.

చిత్రాంగిపాత్ర
పాతనాణెం గారి మాటకి నా ఓటు, ఒక్క షరతు. అది అంతా స్వగతమే గనక, నిదానంగా చదివితే నిద్రొస్తుంది. ఇద్దరికీ రెండు వేగాలు: ఆయన గొణుగుడు, తెగి తెగి వస్తుంది. ఆవిడది దారంలా సాగుతుంది. మొదటిసారి పైకి మాట్లాడుకున్న లైను దగ్గర ఇద్దరూ ఒక్కసారిగా గొంతు తగ్గించాలి. పెంచకూడదు.

నాటికలబండి
రాసుకున్నాను. ముందు 'అనుకోని మనిషి' చదువుతాం, స్వగతాలు నిలబడి. 'ఆర్ట్' ప్రతిలో క్రియలు కోసి, మౌనాలకి అంకెలు వేస్తున్నాను. మొదటి పది పేజీలకి లెక్కేస్తే అప్పుడే నాలుగు నిమిషాలు తగ్గింది. సున్నపుగోడ గారూ, ఆ వార్నిష్ ఆరడానికి ఎన్నాళ్లు పడుతుంది?

సున్నపుగోడ
పూతకీ పూతకీ మధ్య ఒక రోజు. చివరి పూత తర్వాత వారం ఆగండి. వేలితో నొక్కితే ముద్ర పడుతున్నంతకాలం పెన్ను పెట్టొద్దు. వానాకాలమైతే పది రోజులు.